మన్ను తినడానికి ఒక పేరు

నా చిన్నప్పుడు మా ఇంట్లో గరిసె వెనకాల గోడకు ఒక గుంట ఉండేది. దాన్ని ఎలుక తవ్వలేదు, వాన కోయలేదు. నేను తిన్నాను. అరవై దాటాక అక్షరాలు నేర్చుకొన్నదాన్ని కాబట్టి నాకు ఏ వాక్యం రాయాలన్నా ఆలస్యమే. ఈ వాక్యానికి ఇంకా ఎక్కువ ఆలస్యమైంది. మన్ను తినే పిల్లగా ఊరందరికీ తెలిసిపోయిన ఆ రోజుల గురించి నా బిడ్డలకు కూడా ఎప్పుడూ చెప్పలేదు.

మాది పత్తికొండకు అవతల ఒక మెట్ట ఊరు. ఊళ్ళో అన్నీ మట్టి మిద్దెలే. గోడలకు ఎర్రమన్ను మెత్తేవాళ్ళు, వానలకు ముందు మిద్దె మీద చౌడుమన్ను పోసేవాళ్ళు, లోపల నేలను పేడతో అలికేవాళ్ళు. గింజలు పోసుకొనే పెద్ద వెదురు బుట్టను మా వైపు గరిసె అంటారు. మా ఇంట్లో అది మనిషెత్తు ఉండేది. గోడకూ దానికీ నడుమ ఒక పిల్ల దూరేంత సందు. మధ్యాహ్నం పూట అక్కడ చల్లగా ఉండేది. మన్ను తినడం ఎప్పుడు మొదలుపెట్టానో గుర్తు లేదు గానీ వాసన గుర్తుంది. ఎండిన నేల మీద తొలి చినుకులు పడితే లేచే వాసన అందరికీ ఇష్టమే. నాకు మాత్రం ఆ వాసన కడుపులోకి కావాలనిపించేది. గోరుతో చిన్న పెళ్ళ ఊడబెరికి నాలుక మీద పెట్టుకొంటే మొదట ఏ రుచీ ఉండదు. తర్వాత మెల్లగా కరుగుతుంది. చివర్న ఇసుక మిగులుతుంది. ఆ ఇసుకను పళ్ళ కింద కరకరలాడిస్తే గానీ నాకు తృప్తి ఉండేది కాదు.

చేయకూడని పని అని ఎవరూ చెప్పలేదు, అయినా తెలుసు. అందుకే ఆ సందులో దూరేదాన్ని. బయటికి వచ్చేముందు పావడ అంచుతో మూతి తుడుచుకొనేదాన్ని.

మా అమ్మ నేను నడక నేర్వకముందే పోయింది. నన్ను సాకింది మా జేజి, అంటే నాయన తల్లి. చాలా ఏళ్ళకు నాయన మళ్ళీ పెళ్ళి చేసుకొన్నాడు. వచ్చినామెను చిన్నమ్మ అని పిలిచేదాన్ని. ఆమెది కడప జిల్లా. మా ఊళ్ళో ఆమె వైపు మనుషులెవరూ లేరు. మాట తక్కువ. పొద్దున జొన్నరొట్టెలు తట్టేటప్పుడు మొదటి రొట్టె నాకే. దాన్ని కూడా పిలిచి ఇచ్చేది కాదు, నేను కూర్చొనే చోట పెట్టి వెళ్ళిపోయేది. వేడిగా ఉన్న ఆ రొట్టె కోసం నేను నిద్ర లేచేదాన్ని.

నాకు తొమ్మిదో ఏడు నడుస్తుండగా, ఉగాదికి గోడలు మెత్తుదామని గరిసెను పక్కకు జరిపారు. గుంట బయటపడింది. చేట అంత ఉంది. మా జేజి దాన్ని చేత్తో తడిమి, పందికొక్కు పనేనని తేల్చేసింది. గింజల దగ్గరికి కొక్కు వస్తే ఇంటికి నష్టం కదా. రాళ్ళు కుక్కి కొత్త మన్ను మెత్తింది. కొత్త మన్ను వాసన పాతదాని కంటే ఎక్కువ. నాలుగు రోజులు తిరక్కుండా అదీ తరిగింది. అప్పుడు జేజి బోను తెచ్చి, అందులో రొట్టె ముక్క కట్టి, గుంట ముందర పెట్టింది. బోనులో రొట్టె ఎక్కడిదక్కడే ఉండేది, పక్కన గోడ మాత్రం తరిగేది.

"ఇదేం కొక్కమ్మా. రొట్టె వద్దంట, గోడే కావాలంట" అని జేజి వచ్చినవాళ్ళందరికీ చెప్పుకొనేది. నేను ఆమె పక్కనే నిలబడి వినేదాన్ని.

చివరికి ఆమె ఒక ఉపాయం చేసింది. మన్నులో దోసెడు మిరప్పొడి కలిపి గుంటకు మెత్తింది. నాకు తెలియదు. ఆ మధ్యాహ్నం మొదటి పెళ్ళ కరిగే లోపలే నోరు మండిపోయింది. వాకిట్లోకి పరిగెత్తి గొడ్ల తొట్టిలో మూతి పెట్టాను. పక్కింటి అత్త పొయ్యి రాజేసుకోవడానికి నిప్పు కోసం అప్పుడే వచ్చింది. నా గడ్డం పట్టుకొని నోరు తెరిపించి చూసింది. నాలుక నిండా ఎర్రమన్ను. కళ్ళ నుంచీ ముక్కు నుంచీ నీళ్ళు.

జేజి వచ్చి నా నోరు చూసింది, లోపలి గోడ వైపు చూసింది, గడప మీద కూలబడింది.

"నేను కొక్కనుకొంటి గదే" అంది.

పక్కింటి అత్త నవ్వీ నవ్వీ కొంగుతో కళ్ళు ఒత్తుకొంది. తర్వాత ఆమె నవ్వు ఆగిపోయింది. వంటింటి వైపు ఒకసారి చూసి, గొంతు తగ్గించి, "బిడ్డకు కడుపునిండా కూడు పెడ్తాండారా లేదా అత్తా?" అని జేజిని అడిగింది. లోపల రొట్టె తడుతున్న చప్పుడు ఆగిపోయింది.

నన్ను చూసి నవ్వినవాళ్ళను తట్టుకొన్నాను. కొన్నాళ్ళు పిల్లలు నన్ను కొక్కు అని పిలిచారు, అదీ తట్టుకొన్నాను. జాలిపడినవాళ్ళను మాత్రం తట్టుకోలేకపోయాను. సవతితల్లి కూడు పెట్టక పిల్ల గోడ తింటోందని ఊరు తీర్మానించుకొంది. ఆడవాళ్ళు నన్ను వాకిట్లోకి పిలిచి బొరుగులు దోసిట్లో పోసి, నేను తింటుంటే పక్కటెముకలు కనబడుతున్నాయా అని చూసేవాళ్ళు. "మా చిన్నమ్మ పెడ్తాది" అని చెప్పేదాన్ని. "అట్లనే చెప్పమని బెదిరించింటాది, పాపం" అనుకొనేవాళ్ళు. నేను నిజం చెప్పిన కొద్దీ ఆమెకు చెడ్డపేరు పెరిగింది.

సంతరోజు ఈ మాట మా మేనమామ చెవిన పడింది. ఆయన మా అమ్మకు తమ్ముడు. మరుసటి రోజే బండి కట్టుకొని వచ్చాడు. అరుగు మీద కూర్చొన్నాడు గానీ చిన్నమ్మ ఇచ్చిన నీళ్ళు ముట్టలేదు. కొట్లాటకు వచ్చిన ఇంట్లో నీళ్ళు తాగకూడదు. ఆ చెంబు అట్లా అరుగు మీదే ఉండిపోయింది. వీధిలో జనం చేరారు.

"మా అక్క లేదు గాబట్టి దాని బిడ్డ గోడ నాకాల్నా బావా?" అని నాయనను అడిగాడు. "నాతో తీసకపోతా. ఈ పొద్దు ఏం వండినారో చూపించమను, చూసి పోతా."

నాయన తల వంచుకొన్నాడు. చిన్నమ్మ లోపలికి వెళ్ళి సంగటి కుండను రెండు చేతులా పట్టుకొని తెచ్చింది. అందరి ముందరా అరుగు మీద పెట్టి మూత తీసింది. ఆవిరి లేచింది. వీధిలోవాళ్ళు మెడలు చాచి చూశారు. ఆమె కుండ వైపు గానీ మనుషుల వైపు గానీ చూడలేదు. మూత చేతిలో పట్టుకొని, చూడటం అయిపోయేదాకా నిలబడింది.

"నేనొస్తానని తెలిసి వండినావులే" అన్నాడు మామ.

నాకు నేలలోకి దిగిపోవాలనిపించింది.

మా మామ చెడ్డవాడు కాదు. అక్క మీద ప్రేమ ఆయనను అట్లా మాట్లాడించింది. ఆయన ఇంట్లో నన్ను బాగానే చూసుకొనేవాళ్ళు. కానీ నేను వెళ్ళిపోతే ఊరు అన్నది నిజమైపోతుంది. కూడు పెట్టక పిల్లను పోగొట్టుకొన్న మనిషిగా చిన్నమ్మ ఆ ఊళ్ళో బతకాలి. ఆ వయసులో నాకు ఇన్ని మాటలు లేవు. నేను బండి ఎక్కితే ఆమెకు ఏదో అవుతుందని మాత్రం తెలిసేది.

జేజి సర్ది చెప్పింది. కర్నూలు పెద్దాసుపత్రికి తీసుకుపోదాం, డాక్టరు ఏం చెబితే అది అని అందరూ ఒప్పుకొన్నారు. కూడు లేకనే అని తేలితే నేను మామతో వెళ్ళాలి. మరునాడు పొద్దున్నే నాయన, మామ, నేను బస్సెక్కాం. అప్పుడు కర్నూలు ఆంధ్ర రాష్ట్రానికి రాజధాని. ఎక్కడ చూసినా గుడారాలు, జీపులు, కాగితాలు పట్టుకొని నడిచేవాళ్ళు. ఆసుపత్రిలో నన్ను చూసింది ఒక డాక్టరమ్మ. మా వైపు మనిషి కాదు, మాట వేరేగా ఉండేది. మామ అంతా చెప్పాడు. ఆమె నా కింది రెప్పలు లాగి చూసింది, గోళ్ళు చూసింది, కడుపు నొక్కింది. పక్కనున్న నర్సుతో ఒక మాట అంది. జియోఫేజియా.

మామ ముఖం పాలిపోయింది. "అది శానా పెద్ద రోగమా అమ్మా? బతుకుతాదా?"

"రోగం పేరు కాదయ్యా. మన్ను తినడం అని అర్థం, అంతే. గ్రీకు భాషలోంచి వచ్చింది. ముందర సగం నేల, వెనక సగం తినడం."

"ఆ మాత్రం చెప్పేదానికి అంత దూరం దేశం మాట యాల?"

డాక్టరమ్మ నవ్వింది. ఆమెకు తొందర లేదేమో, లేక నా ముఖం చూసి జాలి కలిగిందేమో, స్టూలు దగ్గరికి లాక్కొని కూర్చొంది. "మీ ఊళ్ళో ఎద్దులు చౌడు నాకుతాయా?" అని నన్నే అడిగింది. తలూపాను. దానికీ ఇదే మాట అంది. అడవిలో చిలకలు గట్టు మన్ను కొరుకుతాయి, దాని గురించి చదివేవాళ్ళు కూడా ఇదే మాట వాడతారట. కడుపుతో ఉన్నవాళ్ళు బలపం, సుద్ద తింటే డాక్టర్లు ఇదే రాస్తారట. మన్నును బిళ్ళలుగా చేసి, ఎండబెట్టి, సంతలో అమ్ముకొనే దేశాలు ఉన్నాయనీ, అక్కడ దాన్ని ఎవరూ తప్పు పట్టరనీ చెప్పింది. ఆ దేశాలు తిరిగి వచ్చి పుస్తకాలు రాసేవాళ్ళ దగ్గర ఆ మాటకు ఆచారం అని అర్థమట. ఒంట్లో రక్తం తక్కువైనా, కడుపులో పురుగులున్నా మన్ను మీదికి మనసు పోతుందట. "ఘోరమైన కరువుల్లో ఏమీ దొరక్క తిన్నవాళ్ళూ ఉన్నారు. దానికీ ఇదే" అంది. "మనిషి ఏం చేస్తున్నాడో ఈ మాట చెబుతుంది. ఎందుకు చేస్తున్నాడో చెప్పదు."

మామ చివరి ముక్కను పట్టుకొన్నాడు. "అయితే ఈ పిల్ల కూడు లేకనే తింటాందా?"

"అది నేను కళ్ళు చూసి చెప్పలేను. పిల్లను అడగండి. రక్తం తక్కువగా ఉంది, మందు ఇస్తాను. ఆకుకూరలు, బెల్లం, తిండి బాగా పెట్టండి."

పిల్లను అడగమని ఆమె అంత స్పష్టంగా చెప్పినా ఎవరూ నన్ను అడగలేదు. నేను మాత్రం బస్సులో ఆ దారంతా ఆ పెద్దమాటను నోట్లోనే అనుకొంటూ వచ్చాను. నేను గరిసె వెనక చేసిన సిగ్గుమాలిన పనికి ఒక పేరు ఉందంటే, నాలాంటివాళ్ళు ఇంకా ఎక్కడో ఉన్నారన్న మాట. ఎద్దులు, చిలకలు, ఆ సంతలో బిళ్ళలు కొనుక్కొనేవాళ్ళు. చాలా ఏళ్ళ తర్వాత, చదవడం వచ్చాక, మా మనవరాలి లావుపాటి నిఘంటువులో ఆ మాటను వెతికించుకొని చూశాను. ఒకే వరుస ఉంది. డాక్టరమ్మ చెప్పినన్ని అర్థాలు అందులో లేవు.

ఊరు చేరేసరికి పొద్దు ఇంకా ఉంది. మా అరుగు దగ్గర జనం కాచుకొని ఉన్నారు. ఏం చెప్పాలో మామ బస్సులోనే కుదుర్చుకొన్నట్టున్నాడు.

"కరువులో కూడు దొరకనోళ్ళు చేసే పనంట ఇది" అన్నాడు అందరూ వినేలా. "దీనికి ఇంగ్లీషులో పేరు గూడా ఉండాది. తిండి బాగా పెట్టమని డాక్టరమ్మ చెప్పినాది. పెడ్తాంటే పెట్టమని యాల చెప్తాది?"

"ఆయమ్మ ఇంకా శానా చెప్పినాది గదప్పా" అని నాయన అన్నాడు గానీ, ఏం చెప్పిందో ఆయనకు వరసగా గుర్తు రాలేదు. జేజి అందుకొంది. "బోనులో రొట్టె పెడ్తే రొట్టె ముట్టలేదయ్యా, గోడే తిన్నాది. ఆకలైనోళ్ళు అట్ల తింటారా?" ఆమె మాట జనం గోలలో కలిసిపోయింది.

నాకు మాత్రం వరసగా గుర్తుంది. నేనొక్కదాన్నే ఆ మాటకున్న అన్ని అర్థాలూ మోసుకొని వచ్చాను. ధైర్యం చేసి, "ఎద్దులు గూడా నాకుతాయని చెప్పినాది మామా" అన్నాను.

"అయితే నువ్వు ఎద్దువా మ్మే?" అన్నారెవరో వెనక నుంచి. వీధి వీధంతా నవ్వింది. చిలకల మాట ఇక ఎత్తలేదు. అరుగు కింద నిలబడి కాలి వేళ్ళు చూసుకొన్నాను. మామ వచ్చి నా చెయ్యి పట్టుకొన్నాడు.

చిన్నమ్మ వాకిలి దాటి బయటికి వచ్చింది. తలుపు పక్కన, ఉగాదికి కొత్తగా మెత్తిన గోడ నుంచి ఒక పెళ్ళ ఊడబెరికింది. చిన్నది కాదు. అందరూ చూస్తుండగా నోట్లో వేసుకొని నమిలింది. ఆ కరకర నాకు వినిపించింది, నవ్వినవాళ్ళకూ వినిపించింది. మింగడానికి ఆమెకు కొంచెం సేపు పట్టింది.

"పొద్దున రొట్టె తిన్నా, అన్నా. మధ్యానం సంగటి తిన్నా. ఇప్పుడు మన్ను తిన్నా" అంది మా మామతో. పెదవుల మీద ఎర్రగా ఉంది. తుడుచుకోలేదు. "నాకు ఎవురు కూడు పెట్టలేదని అడుగుతావు? నన్ను గూడా బండెక్కించుకొని పోతావా?"

అంతవరకు ఆమె గొంతు వీధిలోవాళ్ళెవరూ విని ఉండరు. మామ ఆమెను చూశాడు, నన్ను చూశాడు. నా చెయ్యి మీద ఆయన పట్టు వదులైంది. ఎద్దులను కట్టాడు. బండెక్కాక, "సరే, ఉండనీ. నా కన్ను మాత్రం ఈడనే ఉంటాది" అని వెళ్ళిపోయాడు.

ఆ కన్ను కోసం చిన్నమ్మ ఆ మరుసటి రోజు నుంచి నా కంచం అరుగు మీద పెట్టడం మొదలుపెట్టింది. మూడు పూటలా, వీధికి కనబడేలా. రొట్టె, గోంగూర, సంగటి మీద నెయ్యి, పక్కన బెల్లం గడ్డ. దారిన పోయేవాళ్ళు, "ఈ పొద్దు ఏం కూర మ్మే?" అని అడిగి చూసి పోయేవాళ్ళు. నేను తల వంచుకొని, గుక్క తిప్పుకోకుండా తిని, చెయ్యి కడుక్కొనేదాన్ని. ఆసుపత్రి మందు నల్లగా, ఇనుము నాకినట్టు ఉండేది. అది కూడా ఆమె అరుగు మీదే తాగించేది. మందు పనిచేసినందుకో, గరిసె వెనక సందును జేజి రాళ్ళతో మూసేసినందుకో, మన్ను మీద మనసు మెల్లమెల్లగా తగ్గింది. సిగ్గు తగ్గలేదు. మన్ను తిన్నందుకు పడిన సిగ్గు కంటే అందరి ముందరా అన్నం తినాల్సిన సిగ్గు పెద్దదైంది. ఆమెకు మాత్రం సిగ్గు కాదా, చేసిన ప్రతి కూరా ఊరికి చూపించుకోవడం.

శనక్కాయలు విత్తే రోజుల్లో ఒక మధ్యాహ్నం కంచం పట్టుకొని లేచి లోపలికి వెళ్ళాను. చిన్నమ్మ పొయ్యి దగ్గర కూర్చొని తింటోంది.

"బయట తిను" అంది.

"ఈడ తింటా."

"ఎవురన్నా అడిగితే?"

"అడగనీ."

ఆమె పీట నా వైపు జరిపింది. ఇద్దరం పక్కపక్కన కూర్చొని తిన్నాం. ఎన్నాళ్ళుగానో నాలో ఉన్న మాట అప్పుడు అడిగాను. నాలాంటివాళ్ళు ఎక్కడో దూరదేశంలో కాదు, మా ఇంట్లోనే ఒకరున్నారని నాకు లోపల ఒక సంతోషం ఉండేది.

"నీకు గూడా మన్ను ఇష్టమేనా చిన్నమ్మా?"

ఆమె నవ్వింది. "థూ. అదేం రుచి మ్మే, ఎట్ల తింటివో ఏమో. ఆ పొద్దు గొడ్ల కొట్టం ఎనక పోయి అంతా కక్కుకొన్నా."

"మరి యాల తింటివి?"

చిన్నమ్మ నా కంచంలో ఇంకొంచెం సంగటి వేసింది.

"నువ్వొక్కదానివే నిలబడుంటివి గదా" అంది.

ఆమె పోయి చాలా కాలమైంది. నేను పెళ్ళిళ్ళకూ పేరంటాలకూ, బంధువుల ఇళ్ళకూ వెళ్తూనే ఉంటాను. ఎవరింటికి వెళ్ళినా వంటింటికి వీపు పెట్టి కూర్చొంటాను. ఏం వండారో, ఎంత వండారో నా కంట పడకూడదు. ఇది ఎందుకో మా వాళ్ళకు తెలియదు, ముసలమ్మ చాదస్తం అనుకొంటారు. పంక్తిలో ఎవరైనా ఒక్కరే ఒక మూల కూర్చొని తింటుంటే, నా విస్తరి తీసుకొని లేచి వెళ్ళి వాళ్ళ పక్కన కూర్చొంటాను. ఏమీ అడగను. తింటాను.